నాన్న జైలు రోజులు వీడియో తీద్దామనుకుంటున్నా. ముందు ఏ డాక్యుమెంటరీలు చూడమంటారు?

తులసికోట
సోమవారం, రాత్రి 10:42

అందరికీ నమస్కారం. ఇక్కడ రోజూ చదవడమే తప్ప ఎప్పుడూ రాయలేదు. మా నాన్నకి 81. ఎమర్జెన్సీలో మీసా (విచారణ లేకుండా లోపల పెట్టే చట్టం) కింద తీసుకెళ్లారు, 16 నెలలు లోపలున్నారు. (ఏ పార్టీ అని అడక్కండి, థ్రెడ్ మొత్తం అటే పోతుంది.) జైలు కబుర్లు మాకు కొత్త కాదు. పెళ్లికి వెళ్లినా, తద్దినానికి వెళ్లినా చుట్టూ పదిమందిని కూర్చోబెట్టుకుని అవే చెబుతారు. సాంబారులో ములక్కాడ కోసం ఇద్దరు లాయర్లు వాదించుకోవడం, అందరికీ ఇంగ్లీషు నేర్పుతానన్న లెక్చరరుగారు తనే కన్నడం నేర్చుకుని బయటికి రావడం. మాకు కంఠతా వచ్చు, అయినా నవ్వుతాం.

కానీ జైలుకి ముందు తొమ్మిది రోజులున్నాయి. ఇంట్లోంచి తీసుకెళ్లిన రోజుకీ, జైలు రిజిస్టర్లో పేరెక్కిన రోజుకీ మధ్య. అవి ఆయన కబుర్లలో ఎప్పుడూ రావు. నాన్న కుడిచేతి చూపుడువేలు పూర్తిగా వంగదు, అన్నం కలిపేటప్పుడు కనిపిస్తుంది. ఏమైందంటే "బావి గిలకలో పడింది" అంటారు. మాకు ఏనాడూ బావి లేదు.

ఫోనుంది, ట్రైపాడ్ కొన్నాను, కాలర్‌కి పెట్టే మైకు కూడా వచ్చింది. ఎలా అడగాలో మాత్రం తెలియడం లేదు. ఇలాంటి విషయాల మీద మంచి డాక్యుమెంటరీలు తీసినవాళ్లు ఎలా అడిగారో చూసి నేర్చుకుందామని ఆశ. చెప్పండి.


పాతరీలు
సోమవారం, రాత్రి 11:30

అమ్మా, మంచి పని పెట్టుకున్నావు. నేను ఫిలిం సొసైటీల కాలం వాణ్ణి, కొంచెం పెద్దగానే రాస్తాను, ఓపిక పట్టు.

మొదట చిలీకి వెళ్లు. పత్రిసియో గుజ్మాన్ అనే ఆయన 1973లో అక్కడ అధ్యక్షుడు అయ్యెందే ప్రభుత్వం ఆఖరి నెలల్ని రోజూ వీధుల్లో తిరిగి చిత్రీకరిస్తున్నాడు. ముడి ఫిల్ము కొనడానికి డబ్బుల్లేకపోతే ఫ్రాన్సు నుంచి క్రిస్ మార్కర్ అనే దర్శకుడు పంపించాడు. సెప్టెంబరు 11న సైన్యం కుట్ర చేసి, అధ్యక్ష భవనం మీద బాంబులేసి అధికారం లాక్కుంది. గుజ్మాన్‌ని పట్టుకెళ్లి నేషనల్ స్టేడియంలో రెండు వారాలు పెట్టారు. ఫుట్‌బాల్ స్టేడియాన్నే జైలు చేశారన్నమాట. తీసిన రీళ్లు స్వీడన్ ఎంబసీ సాయంతో ఓడెక్కి దేశం దాటాయి. ఆయన క్యూబాలో కూర్చుని ఎడిట్ చేశాడు. 'ద బ్యాటిల్ ఆఫ్ చిలీ' మూడు భాగాలు, 1975 నుంచి 1979 దాకా. దాని కెమెరామన్ హోర్హె ముల్లర్‌ని 1974 నవంబరులో పట్టుకెళ్లారు. ఇవాళ్టికీ ఆచూకీ లేదు. సినిమా ఆయనకే అంకితం.

అందులో ఒక షాట్ ఉంది. 1973 జూన్‌లో, అసలు కుట్రకి ముందు జరిగిన చిన్న తిరుగుబాటు రోజున, లియొనార్దో హెన్రిక్సెన్ అనే మరో కెమెరామన్ వీధిలో సైనికుల్ని తీస్తున్నాడు. ఒకడు తుపాకీ ఇటు తిప్పి కాలుస్తాడు. ఫ్రేమ్ ఊగి, పక్కకి ఒరిగిపోతుంది. తన చావుని తనే తీశాడు. నేను మొదటిసారి చూసినప్పుడు ప్రొజెక్టర్ చెడిపోయిందనుకున్నాను.

కానీ నీకు కావలసింది ఇది కాదు. ఆయనే 2010లో తీసిన 'నోస్టాల్జియా ఫర్ ద లైట్' చూడు. అందులో మిగేల్ లానర్ అనే ఆర్కిటెక్ట్ కనిపిస్తాడు. నిర్బంధ శిబిరాల్లో ఉన్నప్పుడు ఆయన గదుల్నీ ఆవరణల్నీ అడుగులతో కొలిచేవాడు. రాత్రి రహస్యంగా గీసేవాడు, తెల్లారేసరికి చించి పారేసేవాడు. గీసినందువల్ల కొలతలు బుర్రలో ఉండిపోయాయి. తర్వాత ప్రవాసంలో డెన్మార్క్‌లో కూర్చుని శిబిరాల ప్లాన్లన్నీ మళ్లీ గీశాడు. గుజ్మాన్ ఆయన్ని "ఏం బాధపడ్డారు?" అని అడగడు. ఎన్ని అడుగులో అడుగుతాడు. ఆయన లేచి, తన ఇంట్లోనే నడిచి చూపిస్తాడు.


చుక్కల్లెక్క
మంగళవారం, ఉదయం 6:15

ఆ సినిమా పేరు వింటే నేను ఆగలేను. నాది ఖగోళశాస్త్రం, పని మీద రెండుసార్లు చిలీలోని అటకామా ఎడారికి వెళ్లాను. కాలమా అనే ఊళ్లో విమానం దిగి, అక్కడి నుంచి ఎడారి రోడ్డు. పెదవులు పగిలిపోతాయి, అంత పొడి. గాలిలో తడి లేదు కాబట్టే ప్రపంచంలోని పెద్ద టెలిస్కోపులు అక్కడ పెట్టారు. తడి లేదు కాబట్టే పాతిపెట్టినవేవీ కుళ్లవు.

1973 అక్టోబరులో సైన్యం ఒక్క కాలమాలోనే 26 మందిని కాల్చి ఎడారిలో పూడ్చింది. తర్వాత యంత్రాలతో తవ్వించి ఎక్కడికో తరలించింది. బకెట్ అందుకోని చిన్న ఎముకలు మిగిలిపోయాయి. ఆ ఇళ్ల ఆడవాళ్లు చిన్న చిన్న పారలు పట్టుకుని రెండు దశాబ్దాలకు పైగా ఆ ఇసుకలో వెతికారు. టెలిస్కోపులు ఆకాశంలోకే కాదు, నేలలోకి కూడా చూడగలిగితే బాగుండునని వాళ్లలో ఒకావిడ సినిమాలో అంటుంది. నేను ఆ టెలిస్కోపుల డేటా మీదే పీహెచ్‌డీ చేసినవాణ్ణి. ఆ మాట విన్నాక చాలాసేపు ఏ పనీ చేయలేకపోయాను.

ఇంకొకావిడకి తమ్ముడి పాదం దొరికింది. మేజోడుతో సహా. దాన్ని ఇంటికి తెచ్చుకుని, మర్నాడు పొద్దున్నంతా దాంతోనే గడిపిందట. ఏడవకుండా చెబుతుంది. కెమెరా దగ్గరికి జరగదు, పాట పెట్టరు.

చకబూకో అనే పాత నైట్రేటు గని ఊరిని శిబిరం చేశారు. అక్కడ ఖైదీల్లో ఒక డాక్టరు మిగతావాళ్లకి నక్షత్రాలు గుర్తుపట్టడం నేర్పేవాడు. సైన్యం ఆ పాఠాలు ఆపించింది. నక్షత్రాలు చూసుకుంటూ దారి పట్టి పారిపోతారేమోనని భయమట! మా సబ్జెక్టుని ఇంత సీరియస్‌గా తీసుకున్న ప్రభుత్వం ఇంకోటి లేదనుకుంటా.


మేడిపండు
మంగళవారం, ఉదయం 9:02

అందరూ సినిమాల పేర్లు చెబుతున్నారు, నేను అడ్డం తగులుతా, తిట్టుకోకండి. 81 ఏళ్లాయన 50 ఏళ్లుగా ఒక గది తలుపు మూసుకుని, ముందు వరండాలో అందర్నీ నవ్విస్తున్నాడు. ఆ తలుపు మీరెందుకు తడతారు? ఆయన కోసమా, మీ కోసమా? ఈ డాక్యుమెంటరీల సంగతి కూడా నాకు తెలుసు. వాళ్లు ఏడుస్తారు, వీళ్లకి అవార్డులొస్తాయి. ఏడ్చినవాళ్లు మళ్లీ అదే ఊళ్లో, అదే పక్కింటివాడి ఎదురుగా బతకాలి.


తులసికోట
మంగళవారం, ఉదయం 9:40

మేడిపండు గారూ, తిట్టుకోను. పొద్దున్నుంచీ నన్ను నేను అడుగుతున్న ప్రశ్న అదే. చాలావరకు నా కోసమే అనుకుంటా. కానీ ఈమధ్య నాన్న రాత్రిళ్లు నిద్రలో అరుస్తున్నారు. ఎవరినో "సార్" అంటున్నారు. మెలకువలో ఆయన ఎవర్నీ సార్ అనడం నేను వినలేదు.


అద్దాలషాపు
మంగళవారం, మధ్యాహ్నం 2:20

భోజనం చేసి కూర్చున్నాను, గిరాకీ లేదు. మాది కళ్లజోళ్ల షాపండి, 30 ఏళ్లుగా. మా అబ్బాయి ఒకసారి "నాన్నా, మీ సినిమా ఇది" అని 'ద లుక్ ఆఫ్ సైలెన్స్' చూపించాడు. ఇండోనేషియాది, 2014లో వచ్చింది. అక్కడ 1965-66లో కమ్యూనిస్టులని ముద్రవేసి కనీసం 5 లక్షల మందిని చంపారట. అందులో అది అనే ఆయన ఉంటాడు (పేరే "అది", చదివేటప్పుడు తికమక పడకండి). కళ్లు పరీక్షచేసి అద్దాలు అమ్ముతాడు. ఈయన పుట్టకముందే అన్నని చంపేశారు. ఆ చంపినవాళ్లు అదే ఊళ్లో పెద్దమనుషులైపోయి ఉన్నారు. వాళ్ల ఇళ్లకే వెళ్లి, ట్రయల్ ఫ్రేమ్ పెట్టి, అద్దం మారుస్తూ "ఇప్పుడెలా ఉంది?" అంటూ, మధ్యలో మెల్లగా అన్న సంగతి అడుగుతాడు.

సినిమావాళ్లు దీన్ని ఏమంటారో నాకు తెలీదు. మా పని సంగతి చెబుతాను. ట్రయల్ ఫ్రేమ్ బరువుగా ఉంటుంది, ముక్కు మీంచి జారుతుందని మనిషి తల కదపడు. మనం జానెడు దూరంలో నించుంటాం. వాడికి ఎదురుగా అక్షరాల చార్టు తప్ప ఇంకేం ఉండదు. ఆ కాసేపు ఎంత పెద్ద మనిషైనా మన చేతిలో పిల్లాడే. నా దగ్గర కూర్చుని అప్పుల సంగతి, కోడలి సంగతి, ఒకాయనైతే కోర్టు కేసు మొత్తం చెప్పేశాడు. అందుకే ఆ ముసలాళ్ల మొహాలు ఆ ఫ్రేములో బిగుసుకుపోతుంటే నా ఒళ్లు జలదరించింది.

ఒకచోట ఒక హంతకుడి కూతురు పక్కనే కూర్చుని ఉంటుంది. తండ్రి చేసిన ఘోరం అప్పుడే మొదటిసారి వింటుంది. మొహంలో రంగులు మారతాయి. చివరికి క్షమించమని అడిగి, మా నాన్నని నీ తండ్రిలా అనుకో అంటుంది. ఆ పిల్ల ఏం చేసింది పాపం.

మేడిపండు గారన్నట్టు ఆ కుటుంబం ఆ ఊళ్లో ఉండలేకపోయింది. సినిమా విడుదలకి ముందే వాళ్లని వేరే ప్రాంతానికి మార్చారట.


కాకతీయ88
మంగళవారం, సాయంత్రం 7:11

దానికి ముందుదే 'ద యాక్ట్ ఆఫ్ కిల్లింగ్', 2012. రెండిటికీ దర్శకుడు జాషువా ఓపెన్‌హైమర్. అతను మొదట బాధితుల్నే తీయబోతే సైన్యం బెదిరించింది. అప్పుడు ఆ బాధితులే "చంపినోళ్లని తియ్యి, వాళ్లు గొప్పగా చెప్పుకుంటరు" అన్నారు. నిజంగనే చెప్పుకున్నరు. అన్వర్ కాంగో అనేటాయన మేడాన్‌లో సినిమా టికెట్లు బ్లాక్‌లో అమ్ముకునేటోడు. కమ్యూనిస్టులు అమెరికా సినిమాలు ఆపాలంటుంటే వాళ్ల గిరాకీ పోయింది, అదొక కోపం. మిద్దె మీద నిలబడి తీగతో ఎట్ల చంపినమో చేసి చూపించి, అక్కడే డాన్స్ చేస్తడు. సినిమా ఆఖర్ల అదే మిద్దె మీద వాంతి వచ్చి, రాక, గొంతు పట్టుకుని వంగిపోతడు. నటన అనేటోళ్లున్నరు. నాకు అర్థంగాలే.

టైటిళ్లు చూడండి. పనిచేసినోళ్ల పేర్లు వచ్చేకాడ "అజ్ఞాత", "అజ్ఞాత", "అజ్ఞాత". అక్కడి నియంత సుహార్తో 1998లోనే దిగిపోయిండు, 14 ఏళ్లయినా పేరు రాసుకునే ధైర్యం లేదు. ఎందుకుంటది? 1984లో సర్కారే ఒక సినిమా తీయించి, కమ్యూనిస్టులు రాక్షసులని సుహార్తో దిగిపోయేదాకా ఏటా సెప్టెంబరు 30న టీవీల వేసింది, బడిపిల్లలకు చూపించింది. చిన్నప్పుడే కండ్లల్ల పోసిన సినిమాను ఇంకో సినిమాతోనే కడగాలె.

మన దగ్గరికొస్తే, ఎమర్జెన్సీల లక్ష మందికి పైగా లోపలున్నరు. 1975 డిసెంబరు 1న నక్సలైట్ ఉద్యమంల ఉన్న భూమయ్య, కిష్టాగౌడ్‌లను ముషీరాబాద్ జైల్ల ఉరితీసిన్రు. కొట్టినోళ్లు, తీగలు పెట్టినోళ్లు పింఛన్లు తీసుకుని పోయిన్రు. మిద్దె మీద నిలబెట్టి వాళ్లను ఎవడన్న తీసిండా? ఆనంద్ పట్వర్ధన్ 1978ల రాజకీయ ఖైదీల మీద 'ప్రిజనర్స్ ఆఫ్ కాన్షన్స్' తీసిండు, అది లోపలున్నోళ్ల దిక్కునుంచి. తులసికోటక్కా, మీ నాయనను అడుగుడు కాదు, ఆ "సార్" ఎవడో కనుక్కో.


పాతరీలు
మంగళవారం, రాత్రి 8:05

కాకతీయా, నీ కోపం న్యాయమే. కానీ హంతకుడి చేతికి మైకిచ్చి, సెట్లు వేసి, రంగుల బట్టలు తొడిగి, జలపాతం ముందు పాట పెట్టడం దగ్గర నాకు ఇప్పటికీ పేచీ ఉంది. రెండున్నర గంటల్లో చచ్చినవాళ్లలో ఒక్కరి పేరైనా మనకి గుర్తుండదు. అన్వర్ పేరు మాత్రం ప్రపంచమంతా తెలుసు. 'లుక్ ఆఫ్ సైలెన్స్' చూశాకే నాకు మొదటిది కొంత అర్థమైంది. రెండూ కలిపితేనే ఒక సినిమా.


కాకతీయ88
మంగళవారం, రాత్రి 8:20

గా మొదటిది లేకుంటే రెండోది తీయనిస్తురా పాతరీలు సాబ్? హంతకులతో తిరిగిండు కాబట్టే పెద్దోళ్లంత వీడు మనోడే అనుకున్నరు. గేట్లు అట్ల తెరుచుకున్నయ్.


పాతరీలు
మంగళవారం, రాత్రి 8:31

అది ఒప్పుకుంటాను.


మందులచీటీ
బుధవారం, ఉదయం 7:50

నేను మానసిక వైద్యంలో పాతికేళ్లుగా ఉన్నాను. సలహా చీటీ ఇక్కడ రాయకూడదు కానీ రెండు మాటలు చెబుతాను.

తులసికోట గారూ, ఆ తొమ్మిది రోజుల గురించి నేరుగా అడగకండి. నిద్రలో అరవడం పెరుగుతోంది కాబట్టి ముందు దగ్గర్లోని డాక్టరుకి చూపించండి, వయసు వల్ల వచ్చే వేరే కారణాలు కూడా ఉండొచ్చు. వీడియో మాత్రం తీయండి. ఆపే హక్కు ఆయనదని ముందే చెప్పండి, నిజంగానే ఆపండి. "ఇంకొక్కటి నాన్నా" అనకండి.

రితీ పాన్ అని కంబోడియా దర్శకుడున్నాడు. అక్కడి కమ్యూనిస్టు నియంతలైన ఖ్మేర్ రూజ్ కాలంలో, అంటే 1975 నుంచి 1979 జనవరి దాకా, తల్లిదండ్రుల్ని, ఇంట్లోవాళ్లని పోగొట్టుకున్నప్పుడు అతను బడికెళ్లే పిల్లాడు. 2003లో 'ఎస్-21' తీశాడు. ఎస్-21 అంటే నామ్ పెన్‌లో ఒక హైస్కూలు, దాన్ని చిత్రహింసల జైలు చేశారు. అప్పటి కాపలావాణ్ణి ఖాళీ గదుల దగ్గరికి తీసుకొచ్చి "రోజూ ఏం చేసేవాడివి?" అని అడుగుతాడు. అతను మాటలతో మొదలుపెట్టి కాసేపటికి చేతల్లోకి వెళ్లిపోతాడు. లేని తాళం తీస్తాడు, లేని ఖైదీని గద్దిస్తాడు, లేని గిన్నె అందిస్తాడు. కెమెరా గుమ్మం దగ్గరే ఆగిపోతుంది, లోపలికి అడుగుపెట్టదు. పెడితే ఆ నేల మీద పడుకున్న ఖైదీల్ని తొక్కినట్టవుతుందని దర్శకుడి లెక్క. నా వైద్య పుస్తకాల్లో దొరకని పాఠం నాకు ఆ గుమ్మం దగ్గర దొరికింది.

అతనే 2013లో 'ద మిస్సింగ్ పిక్చర్' తీశాడు. తన చిన్నతనం ఫొటోలు, ఫిల్ములు ఏమీ మిగల్లేదు. మిగిలినవన్నీ ప్రభుత్వం ప్రచారానికి తీసుకున్నవే. అందుకని మట్టితో బొమ్మలు చేయించాడు. నాన్నకి తెల్ల సూటు, నల్ల టై వేయించాడు. మన బొమ్మలకొలువు బొమ్మలంత ఉంటాయి, కదలవు. నా పేషెంట్లలో కొందరికి మాట రాదు, బొమ్మ గీయమంటే గీస్తారు. అదే ఇది.


మోడరేటర్
బుధవారం, ఉదయం 11:00

రాత్రి ఏ పార్టీ వాళ్లు ఎక్కువమంది జైలుకెళ్లారన్న దాని మీద వచ్చిన 23 పోస్టులు తీసేశాను. తులసికోట గారు మొదటి పోస్టులోనే చెప్పారు కదండీ. ఆ లెక్కలకి వేరే థ్రెడ్ ఉంది, అక్కడ కొట్టుకోండి.


తులసికోట
శుక్రవారం, రాత్రి 11:15

ఇవాళ మొదలుపెట్టా. పాడైపోయింది.

మందులచీటీ గారు చెప్పినట్టే నేరుగా అడక్కుండా, మొదట వస్తువుల గురించి అడిగా. జైల్లో ఏ కంచంలో తినేవారు, దుప్పటి ఏ రంగు. బాగానే చెప్పారు. ములక్కాడ కథ కూడా వచ్చేసింది. ఆ ఊపులో నోరు జారి "మరి జైలుకి రాకముందు ఎక్కడ తిన్నారు?" అనేశా. నాన్న మైకు వైపు చూశారు. కాలర్ నుంచి క్లిప్పు జాగ్రత్తగా తీసి, వైరు చుట్టచుట్టి నా చేతిలో పెట్టారు. "చార్జింగ్ అయిపోతుందే" అన్నారు. లేచి మొక్కలకి నీళ్లు పోయడానికి వెళ్లిపోయారు. సాయంత్రం ఆరింటికే పోశారు ఆ మొక్కలకి.

మేడిపండు గారూ, మీరు చెప్పిందే నిజమేమో.


మేడిపండు
శుక్రవారం, రాత్రి 11:40

నిజమని చెప్పలేదండి, జాగ్రత్త అన్నాను. వైరు చుట్టి ఇచ్చాడంటే కోపం లేదు. కోపం ఉంటే విసిరేవాడు. మా నాన్న విసిరాడు. అందుకే ఆ రోజు అలా రాశాను.


చుక్కల్లెక్క
శనివారం, ఉదయం 5:58

ఆర్కిటెక్ట్ లానర్ గురించి పాతరీలు గారు సగమే చెప్పారు. ఆయన భార్యకి మతిమరుపు జబ్బు. ఇద్దరూ చెయ్యీ చెయ్యీ పట్టుకుని నడుస్తుంటారు. ఆయనకి ప్రతి అడుగూ గుర్తు, ఆవిడకి ఏదీ గుర్తు లేదు. ఈ జంటే చిలీ అంటాడు గుజ్మాన్. నేను ఆ సీన్ చూసినప్పుడల్లా ఆవిడ వైపే చూస్తాను. ఆయన శిబిరాల్లో ఉన్నప్పుడు ఆవిడ బయట ఏం చేసింది? సినిమాలో ఎవరూ అడగరు.


పాతరీలు
శనివారం, ఉదయం 8:30

బాగా పట్టుకున్నావు బాబూ, ఇన్నిసార్లు చూసి నాకు తట్టలేదు.

తులసికోటా, ఇంకోటి. గుజ్మాన్ 1996లో ఆ పాత సినిమా డబ్బాలు పట్టుకుని చిలీ వెళ్లి కాలేజీ పిల్లలకి చూపించాడు. ఆ తిరుగు ప్రయాణం మీదే మరుసటేడు ఇంకో సినిమా వచ్చింది. చూడకముందు ఆ పిల్లలు "కుట్ర జరగడమే మంచిదైంది" అని వాదించుకుంటారు. సినిమా అయ్యాక ఒక కుర్రాడు మాట రాక వెక్కివెక్కి ఏడుస్తాడు. వాళ్లింట్లో ఎవరూ చెప్పలేదు మరి. ఆ దేశం టీవీలో 'ద బ్యాటిల్ ఆఫ్ చిలీ' మొదటిసారి రావడానికి 2021 దాకా ఆగాల్సి వచ్చింది. మీ నాన్న ఇవాళ వైరు చుట్టారు, అంతే కదా.


తులసికోట
ఆదివారం, రాత్రి 9:50

ఇది రాయాలో వద్దో తెలీక రెండు గంటలు కూర్చున్నా.

పొద్దున టిఫిన్లయ్యాక నాన్న తనే వచ్చి కుర్చీలో కూర్చుని "పెట్టు నీ మైకు" అన్నారు. పెట్టా. కానీ ఆయన ఏం మాట్లాడలేదు. నేనూ అడగలేదు. ఆ మౌనం ఎంతసేపో ఇప్పుడు వీడియోలో చూస్తే 4 నిమిషాలు. అమ్మ వంటింట్లోంచి, పప్పు పొయ్యి మీద పెట్టి, చేతులు తుడుచుకుంటూ వచ్చి గుమ్మంలో నించుంది.

"ఆ తొమ్మిది రోజులూ నేనెక్కడున్నానో అడగరే ఎవరూ" అంది.

నేనూ నాన్నా ఇద్దరం అటు తిరిగాం. కెమెరా తిప్పలేదు, కాబట్టి వీడియోలో నాన్న మొహమే ఉంది, అమ్మ గొంతు మాత్రం వినిపిస్తుంది.

అమ్మకి అప్పుడు 22, అన్నయ్య కడుపులో ఉన్నాడు. రోజూ క్యారియర్ కట్టుకుని బస్సెక్కి జిల్లా కేంద్రానికి వెళ్లేదట. ఒక ఆఫీసులో "ఇక్కడ లేడు" అంటే ఇంకో ఆఫీసు. తెచ్చిన అన్నం సాయంత్రానికి పాడైపోతే బస్టాండు దగ్గర కుక్కలకి పెట్టి ఇంటికొచ్చేది. ఐదో రోజు ఒక కానిస్టేబులు క్యారియర్ తీసుకుని లోపలికెళ్లాడు. హమ్మయ్య, ఉన్నాడన్నమాట అనుకుంది. సాయంత్రం ఖాళీ గిన్నెలు తిరిగొచ్చాయి, శుభ్రంగా కడిగి. అమ్మ అంది: "ఈయన ఏనాడూ తిన్న గిన్నె కడగలేదు. అప్పుడే తెలిసింది నాకు, తిన్నది ఈయన కాదని."

నాన్నకి ఈ సంగతి తెలీదు. 50 ఏళ్లు ఒకే ఇంట్లో ఉండి తెలీదు. "ఐదో రోజా?" అన్నారు. కాసేపాగి "ఏం కూర?" అన్నారు. అమ్మ "వంకాయ" అంది. నాన్న ఆ వంగని వేలుని రెండో చేత్తో పట్టుకుని కూర్చున్నారు. "వాసనొచ్చింది" అన్నారు.

అంతే. ఆ తర్వాత ఇద్దరూ ఏం మాట్లాడలేదు. ఆయన క్లిప్పు తీయలేదు కూడా, అలాగే భోజనానికి కూర్చున్నారు.


మందులచీటీ
ఆదివారం, రాత్రి 10:12

ఇంక ఏమీ అడగకండి. వాళ్లిద్దర్నీ మాట్లాడుకోనివ్వండి.


కాకతీయ88
ఆదివారం, రాత్రి 10:20

అక్కా, "సార్" సంగతి నేను రాసింది మర్చిపో. అమ్మకు దండాలు చెప్పు.


తులసికోట
ఆదివారం, రాత్రి 10:45

చెబుతా తమ్ముడూ. ఒక చిన్న సాంకేతిక సందేహం, తెలిసినవాళ్లుంటే చెప్పండి. అమ్మ మాట్లాడుతున్నప్పుడు కుక్కర్ నాలుగుసార్లు విజిలేసింది. నాన్న కాలర్ మైకులోనే అమ్మ గొంతు పడింది కాబట్టి చాలా సన్నగా ఉంది. విజిల్ తీసేసి గొంతు పెంచొచ్చా?


సౌండుపెట్టె
సోమవారం, ఉదయం 10:05

పెంచొచ్చండి. నేను పెళ్లి వీడియోలు ఎడిట్ చేస్తాను, ఇలాంటివి రోజూ వస్తాయి. విజిల్స్ మాటల మధ్య ఖాళీలో ఉంటే తేలిగ్గా పోతాయి. మాట మీద పడినవి తీస్తే మాట కూడా బొంగురుపోతుంది, వాటిని తగ్గించి వదిలేద్దాం. ఫోనులో ఉన్న ఒరిజినల్ ఫైలు వాట్సాప్‌లో పంపకండి, క్వాలిటీ పోతుంది. ముందు దాన్ని రెండు వేరే వేరే హార్డ్‌డిస్కుల్లోకి కాపీ చేయండి, ఒకటి మీ ఇంట్లో కాకుండా ఇంకెక్కడైనా పెట్టండి. ఆ తర్వాత లింకు పంపండి, ఈ వారంలో చేసిస్తా. డబ్బులొద్దు.